ఎవ్వరూ కొట్టని అక్షరం

హన్మకొండ చౌరస్తాల మా ఫ్లెక్సీ మిషను
పొద్దంత నాలుక చాపుతనే ఉంటది.
పుట్టినరోజులు, పదవులు, పదకొండో దినాలు
అన్నీ ఒక్క తీరు తడితోనే బయటికొస్తయి.

ఎదురుంగ స్టూలేసుకొని
ఓదెలు మామ కూసుంటడు.
ఈ మిషను దిగిన ఏడే
ఆయన కుంచెలు కిరసనాయిలు డబ్బల
నిలవడ్డ కాడనే ఎండిపోయినయి.
కోపం లేదు. చాయ్ పైసలు నావి.

ములుగు రోడ్డు మిల్లు గోడల మీద
ఆయన రాసిన పత్తి విత్తనాల పేర్లు ఇంకా ఉన్నయి.
వాన కడిగినకొద్దీ
కింది కంపెనీ పైకి తేలుతది,
దాని కింద ఇంకో కంపెనీ,
అదీ ఆయన రాసిందే.

ఒకనాడు అడిగిన:
"మామా, నీ అక్షరాలు కంప్యూటర్ల ఎక్కిస్త. రాసియ్యి."
"ఏం పేరు రాయాలె?"
"పేరు కాదు. అన్ని అక్షరాలు. గుణింతాలు, ఒత్తులు."
"ఏ దుకాణానికి?"
"ఏ దుకాణానికి కాదు."
మామకు సమజ్ కాలే.
నలభై ఏండ్లల దుకాణం లేని అక్షరం
ఒక్కటి రాసి ఎరుగడు.

పదకొండు దినాలు పట్టింది.
శ రాస్తుంటే బయట గ్రానైటు లారీ పోయింది.
బల్ల అదిరి, తోక కాడ చెయ్యి వణికింది.
ఇంకోటి రాస్తనన్నడు.
కరెంటు పొయ్యే యాళ్లయితంది, ఇదే ఉండనియ్యన్న.

ఙ కాడ ఆగిండు.
"ఇది ఎవనికి పనికొస్తది బిడ్డా?
ఏ కిరాణంల లేదు, ఏ కాన్వెంటుల లేదు.
బడిల పలక మీద దిద్దినంక
మల్ల కండ్లవడలే."
ఉడుత కుచ్చు తడుపుకుంట, ఆర్పుకుంట
మాపటి దాక దాని తోటే ఉన్నడు.

పేరు పెట్టిన: ఓదెలు బోల్డ్.
"బోల్డంటే?"
"లావు, మామా."
"నేనెప్పుడు లావున్న?"

ఒక్క దోస్తుకే పంపిన.
వాడు ప్రింటర్ల గ్రూపుల పెట్టిండు.
నెల తిరగకముందే
జగిత్యాల నుంచి మణుగూరు దాక మామ చేతిరాత.
ఆయన ఎక్కని బస్సుల మీద,
ఓటెయ్యని లీడర్ల నెత్తి మీద.
శుభాకాంక్షలకు శ కావాలె,
శ్రద్ధాంజలికీ శ కావాలె.
ఆ లారీ ఇంకా పోతనే ఉంది
ప్రతి పెండ్లి ముంగట నుంచి,
ప్రతి సావు ముంగట నుంచి.

ఒక రాత్రి మిషను బందు వెట్టినంక చెప్పిండు:
"పాత ముచ్చట. ఎవరో జాజు డబ్బ తెచ్చి
గోడ సూపెట్టిండ్రు. రాసిన.
తెల్లారకముందే పోలీసోళ్లు సీదా మా ఇంటికే.
ఎట్ల తెలిసింది సారూ అంటే
నీ ర చెప్పిందిరా అన్నడు ఎస్సై.
మూడు దినాలు కూసోవెట్టి
రెండొందల ర లు రాయించిండ్రు.
ఏ రెండూ ఒక్క తీరు రాలే.
దానికీ కొట్టిండ్రు."

కొద్దిసేపాగి,
"ఇప్పుడు నా ర తోని ఎవడన్న ఏమన్న రాస్తే
ఎవన్ని పట్కపోతరు?"

నేను కీబోర్డు దిక్కు చూసిన.

మొన్న ఒక ఆర్డరొచ్చింది:
ఫలానోళ్లు మా గల్లీలకు రావద్దని బోర్డు.
నేను కొట్టనన్న.
సందు అవతలి షాపుల దిగింది,
అదే ఫాంటుల, ఎనిమిదడుగుల పొడువు.
మామ దాని కిందికెల్లే నడుసుకుంట వచ్చిండు.
స్టూలు మీద కూసున్నడు గని
చాయ్ తాగలే.
"అక్షరాల నడుమ సందు ఎక్కువిచ్చిండు,"
అన్నడు అంతే.

షట్టరు దించేముందు రోజూ
ఒక్కపారి ఙ కొడత.
ఏ లీడరు నోట్లె పడనిది,
ఏ గల్లీ మొగదాల నిలవడనిది,
ఒక మాపంతా తిన్నది,
తెల్లటి తెర నడుమ ఒక్కతే కూసుంటది.

సేవ్ చెయ్యాల్నా అని అడుగుతది కంప్యూటరు.
వద్దంట.